ఇల్లు కూలకముందు పడే బాధకూ ఒక లెక్క ఉండాలి: ఉప్పాడ తీరం నుంచి బహిరంగ లేఖ

ఆంధ్రప్రదేశ్ విపత్తుల నిర్వహణ సంస్థకు, వైద్య ఆరోగ్య శాఖకు, కాకినాడ జిల్లా యంత్రాంగంలోని పెద్దలందరికీ,

నమస్కారం.

నేను ఉప్పాడ తీరంలో పుట్టి పెరిగి, ఇక్కడి పిల్లలకే పాఠాలు చెప్పుకుంటున్న టీచరుని. మా వైపు సముద్రం కోతకి ఇల్లు పడిపోతే ఏం చెయ్యాలో మీకొక పద్ధతి ఉంది. సచివాలయం నుంచి మనిషి వస్తారు, ఫొటో తీస్తారు, పూర్తిగా కూలిందా, కొంత కూలిందా అని రాసుకుంటారు. బియ్యం, పప్పు, ఎంతో కొంత సొమ్ము అందుతాయి. అందిన ప్రతిసారీ మావాళ్ళు చేతులెత్తి దండం పెట్టారు. నేనిప్పుడు రాస్తున్నది ఆ కూలిన రోజు గురించి కాదండి. ఆ రోజు రాకముందు, ఏళ్ళ తరబడి, ఆ ఇంట్లో మనుషులు ఏమైపోతున్నారో చెప్పాలని రాస్తున్నాను. దానికి మీ ఫారాల్లో గడి లేదు.

ఒడ్డు వార ఇళ్ళల్లోకి మీరెప్పుడైనా అడుగుపెడితే గుమ్మం పక్కన మేకుకి ఒక ప్లాస్టిక్ సంచి వేలాడుతూ కనబడుతుంది. ఆధార్ కార్డులు, రేషన్ కార్డు, బ్యాంకు పుస్తకం, పిల్లల పదో తరగతి సర్టిఫికెట్లు, పోయినవాళ్ళ ఫొటో ఒకటి అందులో ఉంటాయి. తుపాను హెచ్చరిక వస్తే తగిలించే సంచి కాదది, ఏడాది పొడవునా అక్కడే ఉంటుంది. రాత్రిపూట కరెంటు పోయినా చెయ్యి తిన్నగా దాని మీదికే వెళ్ళాలని పిల్లలకి కూడా నేర్పిస్తారు. అమావాస్యకీ పున్నమికీ పోటు పెద్దగా వస్తుంది కాబట్టి ఆ నాలుగు రోజులూ ఆడవాళ్ళు సరిగ్గా పడుకోరు. కెరటం గోడకి తగిలిన చప్పుడులో తేడా వినబడితే లేచి కూర్చుంటారు. మర్నాడు నా క్లాసులో పిల్లలు బెంచీ మీద తల వాల్చి నిద్రపోతుంటే నేను లేపను. కారణం నాకు తెలుసు కనక.

సంక్రాంతి వస్తోందంటే ఇంకో బాధ. గోడలకి సున్నం వెయ్యాలా, వద్దా? వేస్తే పెట్టిన డబ్బులు నీళ్ళలో పోతాయేమోనని దిగులు. వెయ్యకపోతే, ఇల్లు పోతుందని మనమే ఒప్పేసుకున్నట్టు అవుతుందని దిగులు. ఒక తల్లి నాతో అన్న మాట ఇది: "సున్నం వెయ్యని ఇల్లు చచ్చిపోయిన ఇల్లులా ఉంటాదండి, అందుకని ముందు గది వరకూ వేశాను." సముద్రం వైపు గదిని ఆవిడ వదిలేసింది. ఆ గదిలో ఇప్పుడెవరూ పడుకోరు, సామాను కూడా పెట్టరు. ఇల్లు ఇంకా నిలబడే ఉంది, మీ లెక్కలో అది చెక్కుచెదరని ఇల్లే. ఆవిడ మనసులో మాత్రం సగం ఎప్పుడో పోయింది.

పెళ్ళీడు పిల్లలున్న ఇళ్ళల్లో, ఒడ్డు మీద ఇల్లంటే సంబంధం వాళ్ళు వెనకాడుతున్నారన్న మాట తరచూ వింటాను. ఆ ఇంటిని ఎవరూ కొనరు, దాన్ని చూపిస్తే అప్పు పుట్టదు, బాగు చేయించడానికి సొంతవాళ్ళకే చెయ్యి రాదు. మగవాళ్ళలో తాగుడు పెరిగింది, దాన్ని దాచి లాభం లేదు. "పోటు రోజుల్లో ఎక్కువ తాగుతాడండి" అని చెప్పిన భార్యలున్నారు. చెడు అలవాటని తిట్టి ఊరుకునే ముందు, ఆ మనిషి ఏ రోజుల్లో తాగుతున్నాడో ఒక్కసారి చూడండి.

మా దగ్గరికి కెమెరాలు రాకపోలేదు. తుపాను వెలిసిన మర్నాడు, 2025 అక్టోబరు చివర్లో మొంథా వెళ్ళాక కూడా, ఒడ్డున ఇసుకలో బంగారం రవ్వలు దొరుకుతాయని జనం వెతుక్కోవడం టీవీల్లో మీరూ చూసే ఉంటారు. పూర్వం మునిగిపోయిన గుళ్ళవో, ఇళ్ళవో అవి అని ఇక్కడ పెద్దలు చెబుతారు. దువ్వెనలతో ఇసుకని గీరుకుంటున్న ఆ ఆడవాళ్ళలో కొందరి వెనక, కాస్త దూరంలో, వాళ్ళ సొంత ఇంటి గోడ ఒరిగిపోయి ఉంటుంది. వెతుకుతున్నది బంగారం కోసమే, కాదనను. అయితే కెరటం తన దగ్గర్నుంచి ఇంత తీసుకుపోయాక ఒక్క రవ్వయినా తిరిగిస్తుందేమోనన్న ఆశ కూడా ఆ వెతుకులాటలో ఉందని, పక్కన కూర్చుని మాట్లాడితే తెలుస్తుంది.

ఇలాంటి బాధని చదువుకున్నవాళ్ళు పట్టించుకోవడం కొత్తేమీ కాదు. ఆస్ట్రేలియాలో హంటర్ లోయలో ఓపెన్‌కాస్ట్ బొగ్గు గనులు ఊళ్ళని చుట్టుముట్టినప్పుడు, ఇల్లు వదలకుండా అక్కడే ఉన్నవాళ్ళు కూడా ఇల్లు పోగొట్టుకున్నవాళ్ళలాగే కుమిలిపోవడం గ్లెన్ ఆల్‌బ్రెక్ట్ అనే ఆచార్యుడు ఇరవై ఏళ్ళ కిందటే గమనించి రాశారు. మన గోదావరిఖని వైపు ఓపెన్‌కాస్టుల పక్కన ఉన్న పల్లెలవాళ్ళకి ఈ మాట వివరించి చెప్పక్కర్లేదు. పోలవరం ముంపులో ఊరు విడిచినవాళ్ళకీ అక్కర్లేదు. వాతావరణ మార్పు మనుషుల మానసిక ఆరోగ్యాన్ని దెబ్బతీస్తోందని వాతావరణ మార్పు మీద ఐక్యరాజ్యసమితి ఏర్పాటు చేసిన శాస్త్రవేత్తల బృందం ఐపీసీసీ 2022 నాటి నివేదికలో తేటతెల్లంగా చెప్పింది. మన జాతీయ విపత్తు నిర్వహణ సంస్థే 2009 డిసెంబరులో, విపత్తుల్లో మానసిక, సామాజిక ఆసరా ఎలా ఇవ్వాలో మార్గదర్శకాలు ఇచ్చింది. అంతకు ముందు 2004 సునామీ వచ్చినప్పుడు బెంగళూరులోని జాతీయ మానసిక వైద్య సంస్థ నిమ్‌హాన్స్ వాళ్ళు తీరప్రాంతాల్లో స్థానికులకే శిక్షణ ఇచ్చి ఇంటింటికీ పంపించారు. అంటే దారి లేకపోవడం వల్ల ఆగింది కాదిది. ఆ దారంతా ఒక్కరోజులో విరుచుకుపడే ఆపద కోసం వేసింది. మా ఆపద రోజుకి కాస్త చొప్పున వస్తోంది, అదే చిక్కు.

సముద్రం ఎందుకిలా మీదికొస్తోందన్నది మాకెవరూ కూర్చోబెట్టి చెప్పలేదు. చెప్పకపోతే ఏమవుతుందో వినండి. "గంగమ్మకి కోపం వచ్చింది, మనలో ఎవరో తప్పు చేశారు" అనుకుంటారు. ఒక ముసలమ్మ తన కొడుకు మొక్కు తీర్చకపోవడం వల్లే వీధి పోయిందని ఏళ్ళపాటు నమ్మి, తనని తాను తిట్టుకుంటూ బతికింది. నేను చదివినంతలో ఆమెకి ఇలా చెప్పాను. మన తీరంలో నైరుతి గాలుల కాలంలో కెరటాలు ఇసుకని దక్షిణం నుంచి ఉత్తరానికి నెట్టుకుంటూ పోతాయి. ఒకచోట కొట్టుకుపోయిన ఇసుక స్థానంలో దక్షిణం నుంచి కొత్త ఇసుక వస్తూ ఉంటేనే ఒడ్డు నిలుస్తుంది. మనకి దక్షిణాన గోదావరి మట్టితోనే పుట్టిన హోప్ ఐలాండ్ అనే ఇసుక దీవి కిలోమీటర్ల పొడవున ఉత్తరానికి సాగి, ఇసుక నడకనీ కెరటాల దిక్కునీ మార్చేసింది. కాకినాడ రేవు కోసం కట్టిన అడ్డుగోడలు, తవ్విన కాలువలు కూడా ఆ ఇసుక నడకకి అడ్డం పడ్డాయి. పైన గోదావరి మీద ఆనకట్టలూ జలాశయాలూ వచ్చాక సముద్రానికి చేరే మట్టే బాగా తగ్గిపోయింది. వచ్చే ఇసుక తగ్గి, పోయే ఇసుక పోతూనే ఉంది. ఆమె అంతా విని, "అయితే నా కొడుకు తప్పేం లేదంటావా?" అని అడిగింది. లేదన్నాను. ఆ తర్వాత చాలాసేపు ఏడ్చింది.

నిజం చెబితే జనం భయపడతారని మీలో కొందరికి ఒక అనుమానం ఉంది. ఓ సమావేశంలో ఒక అధికారి ఆ మాట పైకే అన్నారు. అయ్యా, మావాళ్ళు ఇప్పటికే భయపడుతున్నారు. తెలిసిన భయంతో మనిషి ఏదో ఒకటి చేసుకోగలడు, తెలియని భయంతో పొద్దు పొడిచేదాకా కళ్ళు తెరిచి కూర్చోవడమే. కారణం తెలిస్తే కోపం వస్తుంది, అది కూడా నిజమే. ఆ కోపానికి మీరు చెవి ఒగ్గాలి. తనని తాను తిట్టుకోవడం కంటే అది ఆరోగ్యమైన కోపం.

మాకు మేముగా చేసుకుంటున్నవి కొన్ని చెబుతాను. మా బడి పిల్లల చేత పాత ఊరి పటం గీయిస్తున్నాం. పెద్ద చార్టు మీద ముందు ఇప్పటి ఒడ్డు గీత గీసి, దానికి అవతల, అంటే ఇప్పుడు నీళ్ళున్న చోట, ఏమేం ఉండేవో ముసలివాళ్ళని అడిగి నింపుతారు. మొదట్లో వాళ్ళు "ఇప్పుడెందుకమ్మా అవన్నీ" అని విసుక్కునేవారు. ఒక తాత వచ్చి, పిల్లలు వేసిన వీధిలో ఇళ్ళ వరస తప్పిందని పట్టుకుని, పెన్సిల్ లాక్కుని దిద్దడం మొదలెట్టాడు. ఇదిగో ఈ ఇంటి అరుగు మీద వలలు అల్లేవాళ్ళం, ఇక్కడ మంచినీళ్ళ నుయ్యి, దాని నీళ్ళతో పప్పు త్వరగా ఉడికేది, దీని వెనక తాటితోపు, ఇక్కడ కవళ్ళు, నెత్తళ్ళు లాంటి చేపలు ఎండబెట్టే ఇసుక మేట. ఆ వీధి గురించి తన మనవడితో ఆయన మాట్లాడటం అదే మొదటిసారని కోడలు చెప్పింది. చార్టు చాలక ఇంకో చార్టు అతికించాం. ఇప్పుడు పెద్దవాళ్ళు వాళ్ళంతట వాళ్ళే వచ్చి, మా ఇల్లు వేశారా అని అడుగుతున్నారు.

పటం గీస్తే సముద్రం ఆగదు. అయినా పోయినదాన్ని పదిమందిలో కూర్చుని పేరు పెట్టి తలుచుకుంటే గుండె కాస్త తేలికపడుతుందన్నది నేను కళ్ళారా చూశాను. మన ఇళ్ళల్లో మనిషి పోతే పదకొండో రోజు, పెద్దకర్మ, సంవత్సరీకం అన్నీ ఉన్నాయి. ఏడవడానికి రోజులున్నాయి, ఏడుపు ఆపి అన్నం తినమని బతిమాలే మనుషులున్నారు. వీధి పోతే, నుయ్యి పోతే, ఆడుకున్న ఇసుక పోతే ఏదీ లేదు. పైగా "ప్రాణాలు దక్కాయి కదా, ఇంకేం కావాలి?" అంటారు. ఆ ప్రశ్న మంచి మనసుతో అడిగినా మనిషి నోరు మూయిస్తుంది. దయచేసి పరామర్శకి వచ్చినప్పుడు ఆ మాట అనకండి.

"ఎందుకింకా ఇక్కడే ఉన్నారు, లోపలికి పోవచ్చు కదా" అన్న మాట కూడా అనకండి. తెప్ప కనుచూపులో ఉండాలి, ఏ వేళప్పుడు గాలి మారిందో ఇంట్లోంచే తెలియాలి, తెల్లారకముందు ఒడ్డుకి చేరిన చేపని అప్పుడే అందుకుని బుట్టకెత్తుకోవాలి. ఒడ్డే లేకపోతే అలివి వల లాగడానికి కాలు మోపే చోటే ఉండదు. బండరాళ్ళు పోసిన చోట బోటు పైకి లాగడం కుదరదు. సుమారు పదిహేనేళ్ళ కిందట వేసిన జియోట్యూబ్ గోడ, అంటే ఇసుక నింపిన పెద్ద గుడ్డ గొట్టాల కట్ట, కొంతకాలం కాపాడి చిరిగిపోవడం చూశాం. ఆ తర్వాత రాళ్ళు పోశారు, కాకినాడ ఉప్పాడ బీచ్ రోడ్డు ఎన్నిసార్లు తెగిందో, ఎన్నిసార్లు వేశారో లెక్కలేదు. ఇప్పుడు పెద్ద గోడ మాట వింటున్నాం. గోడ కట్టేముందు రెండు సంగతులు మా ఎదురుగా చెప్పండి: బోట్లు ఎక్కడ పెట్టుకోవాలి, ఈ గోడ దగ్గర ఆగిన కోత ఉత్తరాన కోనపాపపేట వైపు ఏ ఊరి మీదికి పోతుంది. ఒక ఊరి నిద్ర కోసం ఇంకో ఊరి నిద్ర చెడగొట్టడం మాకిష్టం లేదు.

లోపల వీధుల్లో నేతవాళ్ళున్నారు. ఉప్పాడ జాందానీ చీర అంటే దేశమంతా తెలుసు. గుంట మగ్గంలో నీరు ఊరితే పని ఆగిపోతుంది, చెమ్మ తగిలితే పట్టు పాడవుతుంది. వాళ్ళకి సముద్రం ఇంకా కాస్త దూరమే కనక వాళ్ళ దిగులు ఎవరికీ కనబడటం లేదు. ఈసారి మీ వాళ్ళు వచ్చినప్పుడు ఆ వీధులకి కూడా వెళ్ళమని చెప్పండి.

ఇక మేం అడిగేది.

తీరం కోతని రాష్ట్ర స్థాయి విపత్తుగా ప్రకటించండి. కేంద్రం జాబితాలో తుపాను, వరద, సునామీ ఉన్నాయి గానీ కోత లేదు. రాష్ట్ర విపత్తు నిధిలో పది శాతం వరకూ స్థానిక విపత్తులకి వాడుకునే వీలుంది, కేరళ ఆ వీలుని వాడుకుని తీరం కోతని చేర్చుకుంది. పదిహేనో ఆర్థిక సంఘం 2021-26 కాలానికి కోత నివారణకి 1,500 కోట్లు, కోత వల్ల ఊరు విడిచినవాళ్ళ పునరావాసానికి 1,000 కోట్లు సిఫార్సు చేసింది. అందులో మా తీరానికి ఏం అడిగారో, ఏం వచ్చిందో మాకు తెలియాలి. దేశ తీరంలో దాదాపు మూడో వంతు కోతకి గురవుతోందని చెన్నైలోని జాతీయ తీర పరిశోధన కేంద్రం లెక్క తేల్చింది. ఆ పటాల్లో మా ఊరి ముక్కని తెలుగులో పెద్దగా అచ్చువేయించి గ్రామ సచివాలయం గోడకి పెట్టండి. ఏ వీధికి ఎంత ముప్పుందో, ఎవరు ఎప్పటికి ఇల్లు ఖాళీ చెయ్యాలో దాని మీద ఉండాలి. సున్నం వెయ్యాలా వద్దా అన్నది ఆ తల్లి ఆ పటం చూసి తేల్చుకుంటుంది.

ఖాళీ చెయ్యక తప్పని వీధుల్ని వీధికి వీధిగా తరలించండి. ఒకింటిని ఒక కాలనీకి, పక్కింటిని ఇంకో కాలనీకి వెయ్యకండి. బాధ పంచుకోవడానికి మాకున్న ఏకైక మందు ఇరుగుపొరుగు. ఒడిశాలో కేంద్రాపడా జిల్లా సాతభాయా ఊళ్ళని సముద్రం మింగేస్తుంటే, ఐదొందలకి పైగా కుటుంబాల కోసం బగపాటియాలో కాలనీ కట్టారు. 2018లో వాళ్ళ పంచుబారాహి అమ్మవార్లని కూడా అక్కడికి తరలించారు. అక్కడ అన్నీ సవ్యంగా జరిగాయని నేననను, సముద్రానికి దూరమైతే బతుకుతెరువు ఎలాగన్న ప్రశ్న అక్కడా మిగిలింది. అయినా అమ్మవారిని మనుషులతో పాటు తీసుకెళ్ళాలన్న ఆలోచన ఉంది చూశారా, అది మనుషుల మనసు తెలిసిన ఆలోచన. మా గంగమ్మ గుడికి, చేపలు ఎండబెట్టే మేటకి, బోట్లు పెట్టుకునే చోటుకి కూడా మీ ప్లానులో జాగా ఉండాలి.

వైద్య శాఖ వారికి ప్రత్యేకంగా చెప్పుకోవాలి. నిద్రపట్టకపోవడం, పోటు రోజుల్లో గుండెదడ, ఏ పనీ ముట్టబుద్ధి కాకపోవడం, వీటిని వెంటనే జబ్బు అని రాసి మాత్రలు ఇచ్చెయ్యకండి. గోడ అవతల సముద్రం ఉన్నప్పుడు నిద్ర పట్టకపోవడం న్యాయమే. ముందు ఎవరైనా వచ్చి వినాలి. మా ఏఎన్ఎం అమ్మాయిలు, ఆశా కార్యకర్తలు, అంగన్‌వాడీ టీచర్లు ప్రతి గడపా తెలిసినవాళ్ళు. బీపీ చూసే చేత్తోనే "రాత్రి పడుకున్నావా అక్కా?" అని అడిగి, జవాబు ఓపిగ్గా వినడానికి వాళ్ళకి శిక్షణ ఇవ్వండి, ఆ పనికి సమయం కూడా ఇవ్వండి. వారాల తరబడి తిండి మానేసినవాళ్ళని, చచ్చిపోతానని అంటున్నవాళ్ళని, తాగుడులో మునిగిపోయినవాళ్ళని గుర్తుపట్టి, జిల్లా మానసిక ఆరోగ్య కార్యక్రమం డాక్టరు దగ్గరికి వెంటబెట్టుకుని తీసుకెళ్ళే ఏర్పాటు ఉండాలి. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం ప్రకారం ప్రభుత్వ ఖర్చుతో మానసిక వైద్యం అందుకోవడం ప్రతి మనిషి హక్కు. మనసు బాగోలేనివాళ్ళు ఫోన్లో మాట్లాడుకోవడానికి ప్రభుత్వం పెట్టిన టెలీ మానస్ నంబరు 14416 మంచి సౌకర్యం. ఇది చదువుతున్నవాళ్ళలో ఎవరికైనా బతుకు మీద ఆశ సన్నగిల్లుతుంటే ఇప్పుడే ఆ నంబరుకి ఫోన్ చెయ్యండి, తెలుగులో మాట్లాడతారు. కాకపోతే మా పేటల్లో, తన ఇల్లు సముద్రంలోకి పోతోందన్న దిగులుని డాక్టరుతో చెప్పుకోవచ్చని తెలిసినవాళ్ళే తక్కువ. ఆ మాట ఇంటింటికీ చేరెయ్యాల్సింది మీరు.

వేట నిషేధం ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకూ. ఆ రెండు నెలలూ మగవాళ్ళు ఒడ్డునే ఉంటారు, చేతిలో పని ఉండదు, దిగులు ఎక్కువగా కమ్మేది అప్పుడే. అందుకే శిక్షణ, పటం, ఊరి సమావేశం, మూడూ ఆ రోజుల్లోనే పెట్టండి. సమావేశం మండలాఫీసులో వద్దు, మా బడిలో పెట్టండి. మధ్యాహ్నం వద్దు, ఆడవాళ్ళు చేప అమ్ముకుని తిరిగొచ్చాక సాయంత్రం పెట్టండి. తీర శాస్త్రం తెలిసిన ఒకరిని, మానసిక వైద్యులు ఒకరిని, పునరావాసం మీద సంతకం పెట్టే అధికారం ఉన్న ఒకరిని ముగ్గుర్నీ ఒకేసారి పంపండి. వేరువేరుగా వస్తే ఒకరి మాట ఇంకొకరి మీదికి నెట్టేస్తారు. బెంచీలు, మంచినీళ్ళు మేం చూసుకుంటాం. పిల్లలు గీసిన పటం గోడకి ఉంటుంది, కోత మీద మీరు తెచ్చే పటం దాని పక్కన పెడదాం.

ఇట్లు,
ఉప్పాడ తీరం నుంచి ఒక ఉపాధ్యాయురాలు